లెవీ నాటి బౌలర్

కమ్మర్‌పల్లి చరిత్ర చెప్పమంటే మావాళ్లు పసుపుతో మొదలుపెడతారు. న్యాయమే. ఆర్మూరు నుంచి మెట్‌పల్లి పోయే దారిలో ఉన్న మా ఊరి పేరు బయట వినబడుతున్నదంటే అది పసుపు వల్ల, ఇక్కడున్న పసుపు పరిశోధన కేంద్రం వల్ల. ఆ తర్వాత నిజాం జమానా వస్తుంది. పటేల్, పట్వారీ, వెట్టి, రెండో ప్రపంచ యుద్ధంలో లెవీ పేరిట గల్లా వసూళ్లు, బోధన్‌లో 1937లో వెలసిన చక్కెర ఫ్యాక్టరీ. యుద్ధకాలం అక్కడితో సరి. ఆ రోజుల్లోనే హైదరాబాద్ సంస్థానం తరఫున బంతి వేసిన గులాం అహ్మద్‌కు ఈ చరిత్రలో రెండు వాక్యాలైనా దక్కాలంటాను. ఆయన పట్నపోడే, మన జిల్లా మనిషి కాడు. కానీ మన గింజలు కొలుచుకుపోయిన సర్కారూ, ఆయన ఆడిన జట్టూ ఒక్క రాజ్యానివే.

ఆ రాజ్యం యుద్ధానికి బాగానే ముట్టజెప్పింది. బ్రిటిష్ వాయుసేనలో 152వ స్క్వాడ్రన్‌కు హైదరాబాద్ పేరే ఉండేది. 1940లో దాని స్పిట్‌ఫైర్లు ఇంగ్లండ్ దక్షిణ తీరం మీద జర్మన్ విమానాలతో తలపడ్డాయి. అక్కడ కౌంటీ క్రికెట్ మూతపడింది. ఇక్కడ రంజీ ట్రోఫీ మాత్రం ఆగలేదు.

అమెరికాలో బేస్‌బాల్ కూడా ఆగలేదు. 1942 జనవరిలో రూజ్‌వెల్ట్ ఆట సాగనివ్వండని ఉత్తరం రాశాడు. సాగింది గానీ, ఆటగాళ్లు ఫౌజుకు పోవడంతో మనుషులు కరువయ్యారు. 1944 జూన్ 10న సిన్సినాటి జట్టు జో నక్స్‌హాల్‌ను దింపింది. వాడికి పదహారేళ్లు కూడా నిండలేదు. బేస్‌బాల్‌లో ముందు దిగిన పిచ్చర్ అలిసినా, దెబ్బతిన్నా మధ్యలో వచ్చి బంతి అందుకునేవాణ్ని రిలీఫ్ పిచ్చర్ అంటారు. అప్పటికే 13–0తో ఓడుతున్న ఆటలో ఆ పిల్లాడు వచ్చి, ఇద్దర్ని అవుట్ చేసేలోగా అయిదు పరుగులిచ్చాడు. మళ్లీ అక్కడి పెద్ద లీగ్‌లో ఆడింది 1952లోనే.

మన బౌలర్లకు అట్లాంటి రిలీఫ్ ఎక్కడిది? సి.ఎస్. నాయుడునే చూడండి. నాగపూర్‌లో స్థిరపడ్డ తెలుగు కుటుంబం, సి.కె. నాయుడుకు తమ్ముడు. 1942–43 రంజీలో బరోడా తరఫున ఆడి ఒక్క సీజన్‌లో 40 వికెట్లు పడగొట్టాడు. ఆ ఏడు ఫైనల్లో బరోడా చేతిలో చిత్తయింది మన హైదరాబాదే. 1944–45 ఫైనల్లో హోల్కర్ జట్టుకు బొంబాయి మీద రెండు ఇన్నింగ్స్‌లో కలిపి 152.5 ఓవర్లు వేశాడు. అంటే 917 బంతులు. 428 పరుగులిచ్చి 11 వికెట్లు తీశాడు, అయినా జట్టు ఓడింది. అన్ని బంతులు వేయించిన కెప్టెన్ ఆయన సొంత అన్న సి.కె. కావడం గమ్మత్తు.

గులాం అహ్మద్ పుట్టింది 1922లో. పొడగరి, ఆఫ్ స్పిన్నర్. 1939–40లో మద్రాసు మీద తొలి మ్యాచ్‌లోనే తొమ్మిది వికెట్లు తీసిన కుర్రాడు, టెస్టు కోసం దాదాపు తొమ్మిదేళ్లు ఆగాడు. 1936 తర్వాత 1946 దాకా భారత జట్టుకు టెస్టులే లేవు, 1939 నుంచి అందుకు కారణం యుద్ధం. తర్వాత 1946లో ఇంగ్లండ్ పోయిన జట్టులోనూ, 1947–48లో ఆస్ట్రేలియా పోయిన జట్టులోనూ ఆయన పేరు లేదు. ఇంతలో సంస్థానమే కూలింది. భారత సైన్యం దిగిన పోలీసు చర్యతో 1948 సెప్టెంబర్ 17న నిజాం లొంగిపోయాడు. అదే ఏడు డిసెంబర్ 31న కలకత్తాలో వెస్టిండీస్ మీద గులాం మొదటి టెస్టు ఆడాడు, తొలి ఇన్నింగ్స్‌లో నాలుగు వికెట్లు తీశాడు. పోలీసు చర్య అనగానే మనకు రజాకార్లు, ఊళ్లు వదిలి పోయినవాళ్లు గుర్తొస్తారు. అది జరిగి మూడున్నర నెలలైనా నిండకముందే హైదరాబాద్ ముస్లిం యువకుడొకడు భారత్ టోపీ పెట్టుకుని మైదానంలోకి దిగాడన్న సంగతి మా జిల్లాలో ఎవరూ రాయగా నేను చదవలేదు.

1950–51లో హోల్కర్ మీద ఒక్క ఇన్నింగ్స్‌లో 92.3 ఓవర్లు వేశాడు. 555 బంతులకు దక్కింది నాలుగు వికెట్లే. 1952లో ఢిల్లీలో పాకిస్తాన్ మీద మాత్రం పదో వికెట్‌కు బ్యాటుతో నిలబడి, హేమూ అధికారితో కలిసి 109 పరుగులు జోడించాడు. 1955 నవంబర్‌లో హైదరాబాద్‌లో జరిగిన మొట్టమొదటి టెస్టుకు కెప్టెన్ ఆయనే. మొత్తం 22 టెస్టులు, 68 వికెట్లు. యుద్ధం తినేసిన ఏళ్లు కలిస్తే ఆ లెక్క ఎక్కడికి పోయేదో!

టెస్టుల్లో ఆయన అన్నిటికన్నా పెద్ద బౌలింగ్ కలకత్తాలోనే, 1956లో ఆస్ట్రేలియా మీద. మొదటి ఇన్నింగ్స్‌లో 49 పరుగులకు ఏడు వికెట్లు, మ్యాచ్ మొత్తానికి పది. ఆ టెస్టు నవంబర్ 2న మొదలైంది. ముందురోజే, నవంబర్ 1న, హైదరాబాద్ రాష్ట్రం లేకుండా పోయి మనం ఆంధ్రప్రదేశ్‌లో కలిశాం. రాష్ట్రం పోయినా రంజీ జట్టుకు హైదరాబాద్ పేరు ఉండిపోయింది. కలకత్తా టెస్టు మాత్రం 94 పరుగుల తేడాతో ఓడిపోయాం.