బుల్లెట్ బండి, జిరాక్సు మాన్యువల్

చేతిపనుల గుట్టు పుస్తకాల్లోకి ఎక్కడం అంత సులువుగా జరగలేదు. 1670ల చివర్లో లండన్‌లో జోసెఫ్ మాక్సన్ అనే ఆయన కమ్మరం, వడ్రంగం ఎలా చెయ్యాలో బొమ్మలతో సహా చిన్న చిన్న భాగాలుగా అచ్చువేసి అమ్మాడు. ఫ్రాన్సులో దిదెరో సంపాదకత్వాన 1751 నుంచి 1772 దాకా వెలువడిన విజ్ఞాన సర్వస్వంలో 17 సంపుటాలు వ్యాసాలైతే, 11 సంపుటాలు బొమ్మలు. దిదెరో తండ్రి కత్తులు చేసే పనివాడు. మన హేతువాదులు ఆ గ్రంథాన్ని మతం మీద చేసిన విమర్శ కోసమే తలుచుకుంటారు. నాకు మాత్రం ఆ బొమ్మల సంపుటాలే ఎక్కువ విప్లవాత్మకంగా కనిపిస్తాయి. గురువు చెవిలో చెబితే తప్ప తెలియదనుకున్న విద్య, అక్షరం వచ్చినవాడికల్లా అందుబాటులోకి వచ్చింది.

మోటార్ సైకిల్ వర్క్‌షాప్ మాన్యువల్ ఆ వంశంలోదే. ఇంగ్లండులో జాన్ హేన్స్ 1966లో తన మొదటి మాన్యువల్ వేశాడు. బండిని పూర్తిగా విప్పి, మళ్ళీ బిగిస్తూ, అడుగడుగునా ఫోటో తీసి రాయడం ఆయన పద్ధతి. రాసేవాడు ముందు తాను చేసి చూడాలి. ఇంతకన్నా శాస్త్రీయమైన నియమం ఏముంటుంది?

మన దేశంలో ఈ కథ బుల్లెట్‌తో ముడిపడి ఉంది. 1950ల ఆరంభంలో సరిహద్దు గస్తీ కోసం మన సైన్యం 800 బుల్లెట్లకు ఆర్డరు ఇచ్చింది. 1955లో మద్రాసులో ఎన్‌ఫీల్డ్ ఇండియా పుట్టింది. 1970 ప్రాంతంలో ఇంగ్లండులోని మాతృసంస్థ మూతపడింది, పిల్ల కంపెనీ బతికింది. 70 మి.మీ. బోరు, 90 మి.మీ. స్ట్రోకు, 346 సీసీ: అదే పాత ఇంజను 2000ల చివరిదాకా తయారవుతూనే ఉంది. ఇంజనీర్లకు ఇది సిగ్గుచేటు కావచ్చు. సొంతంగా రిపేరు చేసుకునేవాడికి మాత్రం వరం. 1950ల నాటి ఇంగ్లీషు మాన్యువల్ ఒకటి దొరికితే, కరెంటు వ్యవహారం పక్కనపెట్టి, నలభై ఏళ్ళ తరువాతి బండికి కూడా చాలావరకు పనికొస్తుంది.

అయితే అది దొరకాలి కదా!

నేను 1997లో ఉద్యోగం మీద రాయపూర్ వచ్చాను. అప్పటికది మధ్యప్రదేశ్, 2000 నవంబర్ 1న ఛత్తీస్‌గఢ్ అయింది. ఇక్కడ తెలుగువాళ్ళు కొత్త కాదు. 1931లో విజయనగరం నుంచి రాయపూర్‌కు రైలు మార్గం పూర్తయింది. ఆ లైను వెంట, రైల్వే పనుల వెంట, తర్వాత భిలాయి ఉక్కు కర్మాగారం వెంట మనవాళ్ళు వచ్చి స్థిరపడ్డారు. నా పాత బుల్లెట్‌కి మాన్యువల్ కావాలని ఊళ్ళో ఒక షోరూముకు వెళ్ళి అడిగితే, అది మెకానిక్కులకే గాని జనానికి ఇవ్వమన్నారు. "చదివి ఏం చేస్తారు సార్, బండి ఇక్కడికే తెండి" అన్నాడు కౌంటర్లో కుర్రాడు. వేదం వినకూడదన్న పాత శాసనం గుర్తొచ్చింది. హైదరాబాద్ వెళ్ళినప్పుడల్లా ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు తిరగేశాను. కార్లవి, ట్రాక్టర్లవి దొరికాయి గాని బుల్లెట్‌ది దొరకలేదు.

చివరికి దొరికింది రాయపూర్‌లోనే. డబ్ల్యూఆర్ఎస్ కాలనీలో రిటైరైన ఒక రైల్వే ఫిట్టరు గారు, విజయనగరం వైపు ఆయన, తన దగ్గరున్న జిరాక్సు ప్రతి ఇచ్చారు. "పుస్తకం ఏటి చెప్తాది బాబూ, ఇంజనే చెప్తాది" అంటూనే ఇచ్చారు. అది జిరాక్సుకు జిరాక్సు. కొన్ని అంకెలు 1 అవునో 7 అవునో తెలియవు, దశాంశ బిందువులు మాయం. అయినా దాని తప్పులు పట్టుకునే దారి అందులోనే ఉంది: కొలతలు అంగుళాల్లోనూ మిల్లీమీటర్లలోనూ ఇచ్చారు. పాయింట్ల గ్యాపు 15 థౌ అయితే 0.38 మి.మీ. కావాలి, 75 థౌ అయితే 1.9 మి.మీ. రెండో గడిలో 0.38 ఉంది. కాబట్టి అది 15. ఏ పవిత్ర గ్రంథం చదివే పాఠకుడికీ ఈ సౌకర్యం లేదు.

ఇక ఉస్తాద్‌ల సంగతి. షెడ్డుల్లో ఫీలర్ గేజి బదులు సిగరెట్ పెట్టె అట్టముక్క పాయింట్ల మధ్య దూర్చి గ్యాపు పెట్టేవాళ్ళు. చదువుకున్నవాళ్ళం దాన్ని మూఢనమ్మకమని నవ్వేస్తాం. నేను ఒక అట్టముక్కను మైక్రోమీటరుతో కొలిచాను. 0.3 మి.మీ. పైచిలుకు వచ్చింది. మాన్యువల్ చెప్పినదానికి దగ్గరే. ఉస్తాద్ మాట రోజూ కిక్కు రాడ్డు దగ్గర పరీక్షకు నిలబడుతుంది, బండి స్టార్ట్ కాకపోతే గిరాకీ పోతుంది. బాబాల మాటకు అలాంటి కిక్కు రాడ్డు లేదు. అదే షెడ్డులో పెట్రోలు గొట్టానికి అయస్కాంతం కడితే మైలేజీ పెరుగుతుందని అమ్మేవాళ్ళూ వచ్చారు. అమెరికా పర్యావరణ సంస్థ ఇలాంటి ఇంధనం ఆదా చేసే పరికరాలను వందకు పైగా పరిశీలిస్తే ఫలితమిచ్చినవి ఏ కొన్నో. ఉస్తాద్ మీద వచ్చే విశ్వాసాన్ని అయస్కాంతం వాడు అప్పు తీసుకున్నాడు. ఏది ఏదో తేల్చుకోవడానికి మూడో సాక్షి కావాలి. నాకది ఆ జిరాక్సు.

సమాచారం దాచడం వ్యాపారమే అని కోర్టుల దాకా వెళ్ళాక బయటపడింది. 2011లో ఒక కారు యజమాని ఫిర్యాదు చేస్తే, కాంపిటీషన్ కమిషన్ 2014 ఆగస్టులో 14 కార్ల కంపెనీలకు మొత్తం 2,544 కోట్ల పైచిలుకు జరిమానా వేసింది. విడిభాగాలు, రిపేరు సమాచారం, పరీక్షా పరికరాలు బయటి మెకానిక్కులకు అందకుండా చేశారన్నది అభియోగం. తర్వాత అప్పీళ్ళు నడిచాయి. అది కార్ల కేసే గాని, నేను షోరూములో విన్న జవాబుకు అన్నగారే. 2022 డిసెంబరులో కేంద్ర వినియోగదారుల శాఖ రిపేరు హక్కు కోసం ఒక పోర్టల్ పెట్టింది. మంచిదే. కాని 2020 ఏప్రిల్‌లో బీఎస్-6 వచ్చాక కొత్త బుల్లెట్లలో కార్బొరేటర్ లేదు. ఇప్పుడు తప్పు ఎక్కడుందో చెప్పేది స్కానరు. ఫోన్లో మాన్యువల్ నిమిషంలో దొరుకుతుంది గాని, స్కానరు లేకుండా అందులో సగం పేజీలు అలంకారమే.

1906లోనే విజ్ఞాన చంద్రికా మండలి పెట్టి, తెలుగులో శాస్త్రం చెప్పాలని తపించిన కొమర్రాజు లక్ష్మణరావు పుట్టిన భాషలో నేను ఇంతవరకు ఒక్క మోటార్ సైకిల్ వర్క్‌షాప్ మాన్యువల్ చూడలేదు. చూసింది ఒక్కటే: ఆ ఫిట్టరు గారి జిరాక్సు అంచుల్లో పెన్సిలు రాతలు. ట్యాపెట్ల పేజీ దగ్గర ఇలా ఉంది: "ఇంజను చల్లగా ఉండాల. కడ్డీ వేళ్ళతో తిరగాల, పైకీ కిందకీ ఆడకూడదు."