పాతబస్తీ సాహిత్యం, పాతబస్తీ బడి

పటాన్‌చెరు ప్రాంతం గోల్కొండ సర్దారు అమీన్‌ఖాన్ చేతిలో ఉన్న రోజుల్లో పొన్నికంటి తెలగనార్యుడు 'యయాతి చరిత్రము' రాసి ఆయనకు అంకితమిచ్చాడు. తత్సమ పదాలను పక్కన పెట్టి అచ్చతెలుగులో కావ్యమంతా నడిపిన తొలి ప్రయత్నంగా సాహిత్య చరిత్రలు దాన్ని లెక్కిస్తాయి. ఫారసీ ఏలుతున్న కొలువులో, ఒక ముస్లిం సర్దారు ఆదరణలో, తెలుగు తన సొంత మాటల బలం ఎంతో చూసుకుంది. 16వ శతాబ్దం నాటి ఈ సంగతిని తెలుగు సాహిత్యం చదివే డిగ్రీ విద్యార్థి పరీక్ష కోసం గుర్తుపెట్టుకుంటాడు. ఇంట్లో ఉర్దూ మాట్లాడుకునే యాకుత్‌పురా పిల్లకు మాత్రం అది ఏ తరగతిలోనూ ఎదురుకాదు. హైదరాబాద్ పాతబస్తీ సాహిత్యానికి పుట్టుకతోనే చాలా భాషలున్నాయి. వాటిని విడదీసింది బడి. ఇది నా అభిప్రాయం. ఎలా విడదీసిందో చూడాలంటే గోల్కొండ నుంచే మొదలుపెట్టాలి.

ఇబ్రహీం కుతుబ్‌షా గద్దెనెక్కక ముందు ఏడేళ్లు విజయనగరంలో, అళియ రామరాయల దగ్గర తలదాచుకున్నాడు. తెలుగు రుచి అక్కడ పట్టింది. 1550 నుంచి 1580 దాకా రాజ్యమేలిన ఆయన్ని తెలుగు కవులు మల్కిభరాముడని పిలుచుకున్నారు. అద్దంకి గంగాధర కవి 'తపతీ సంవరణోపాఖ్యానం' ఆయనకే అంకితం. కందుకూరి రుద్రకవికి ఆయన చింతలపాలెం అనే ఊరిని ఇచ్చాడు. సర్కారు ఫర్మానాలు ఫారసీతో పాటు తెలుగులోనూ వెలువడిన కాలం అది. పన్ను కట్టే రైతుకూ లెక్క రాసే కరణానికీ తెలుగే కావాలి కాబట్టి ఈ ఆదరణలో పరిపాలన అవసరం ఉందని కొందరంటారు. ఉంటే ఉండనీ. అవసరం ఫర్మానా రాయిస్తుంది గానీ కావ్యం వినిపించదు.

ఆయన కొడుకు మహమ్మద్ కులీ కుతుబ్‌షా 1591లో చార్మినార్ కట్టించి ఈ నగరానికి పునాది వేశాడు. దక్కనీ ఉర్దూలో పెద్ద కవితా సంపుటం మిగిల్చి వెళ్లాడు. అందులో ఈద్, షబేబరాత్, నౌరోజ్ పక్కనే వసంతమూ ఉంది, తొలకరి తెచ్చే మిరుగమూ ఉంది. తెలంగాణ రైతు ఇవాళ్టికీ ఏరువాకకు ఎదురుచూసే మృగశిర కార్తె అది. తెలుగులోనూ రాశాడని చెబుతారు గానీ ఒక్క పద్యమూ మనకు దక్కలేదు. ఆయన కాలంలోనే గోల్కొండ కరణం సారంగు తమ్మయ్య 'వైజయంతీ విలాసం' రాశాడు, దక్కనీ కవి వజ్‌హీ 1609లో 'కుతుబ్ ముష్తరీ' పూర్తిచేశాడు. ఒకే ఊరి గాలి పీల్చిన ఈ ఇద్దరినీ ఒకే పాఠంలో చదివించే తరగతి మన దగ్గర లేదు. తర్వాత క్షేత్రయ్య వచ్చాడు. గోల్కొండ పాదుషా ఎదుట వెయ్యిన్నీ ఐదువందల పదాలు చెప్పానని ఒక పదంలో తానే చెప్పుకున్నాడు.

నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది వీళ్లెవరూ కాదు. అబుల్ హసన్ తానీషా గురువు షారాజు, ఆయన దర్గా ఫతే దర్వాజా వైపు ఉంది. ఆయన కొడుకు అక్బర్ షా, జనం నోట బడే సాహెబ్. ఈ సూఫీ ఇంటి బిడ్డ పేరిట 'శృంగార మంజరి' అనే అలంకారశాస్త్ర గ్రంథం ఉంది, నాయికా నాయక భేదాల మీద. ముందు తెలుగులో తయారై, ఆ తర్వాత సంస్కృతంలోకి వెళ్లింది. పండితుడు వి. రాఘవన్ పరిష్కరించిన సంస్కృత ప్రతిని 1951లో హైదరాబాద్ పురావస్తు శాఖ అచ్చువేసింది. భరతుడి సంప్రదాయం మీద ఒక ముస్లిం సాధువు తెలుగులో శాస్త్రం చెప్పించిన నగరం ఇది. తానీషా అనగానే మన పిల్లలకు రామదాసు చెరసాల ఒక్కటే గుర్తొస్తుంది. ఆ కథ పాఠంగా ఉండాల్సిందే. దాని పక్కన ఈ కథ కూడా ఉండాలి.

1687లో గోల్కొండ పడిపోయింది. ఆసఫ్‌జాహీల కాలంలో కవిత్వం ప్రభువుల భవంతులైన దేవిడీల చావళ్లలోకి చేరింది. దివాన్‌గా రాజ్యం నడిపిన మహారాజా చందూలాల్ 'షాదాన్' పేరుతో ఉర్దూ, ఫారసీల్లో రాశాడు. మహలఖాబాయి చందా ఉర్దూలో దీవాన్ (కవితా సంపుటం) కూర్చిన తొలి స్త్రీలలో ఒకరు. తర్వాతి తరంలో మహారాజా కిషన్ ప్రసాద్ 'షాద్' అనే కలం పేరుతో రాశాడు. పాతబస్తీ ఖత్రీ, కాయస్థ కుటుంబాలకు ఫారసీ, ఉర్దూ ఇంటి చదువు. తెలుగు వీధిబడిలో బతికింది.

ఆధునిక బడి 1850ల్లో మొదటి సాలార్‌జంగ్ పెట్టిన దారుల్ ఉలూంతో వచ్చింది. 1884లో ఫారసీ స్థానంలో ఉర్దూ రాజభాష అయింది. అప్పటిదాకా భాష కొలువుకో కవికో సంబంధించిన విషయం. ఇక మీదట అది ఉద్యోగానికి తలుపు. 1917లో ఉస్మానియా విశ్వవిద్యాలయానికి ఫర్మానా వెలువడింది. దేశభాషలో పై చదువులన్నీ చెప్పిన తొలి భారతీయ విశ్వవిద్యాలయం అది. దాని కోసం పెట్టిన దారుల్ తర్జుమా గణితం నుంచి వైద్యం దాకా పుస్తకాలను ఉర్దూలోకి దించింది. పరాయి పాలకుల భాష లేకుండా శాస్త్రం చదవొచ్చని చూపించిన ఆ పనికి నేను చేతులెత్తి మొక్కుతాను. కానీ రాజ్యంలో సగానికి దగ్గరగా ఉన్న తెలుగువాళ్లకు, ఆ తర్వాత మరాఠీ, కన్నడ జనానికి ఆ దేశభాష తమ ఇంటి భాష కాదు. రాయప్రోలు సుబ్బారావు ఉస్మానియాలో తెలుగు చెప్పారు. తెలుగు అక్కడ ఒక సబ్జెక్టు మాత్రమే, చదువంతా మరో భాషలో.

1921లో మూసీ ఒడ్డున సిటీ కాలేజీ భవనం లేచింది. అదే ఏడాది నవంబరులో, నదికి అవతల వివేకవర్ధిని ఆవరణలో సంఘ సంస్కరణ సభ జరుగుతుండగా ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో మాట్లాడబోతే సభలో గోల చేశారు. ఆ అవమానం నుంచే ఆంధ్ర జనసంఘం పుట్టింది. అంతకు ఇరవై ఏళ్ల ముందే, 1901లో, శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషా నిలయం బ్రిటిష్ రెసిడెన్సీ వైపున వెలిసింది. మాడపాటి హనుమంతరావు 1928లో తెలుగు మాధ్యమంలో బాలికల పాఠశాల పెడితే ఉస్మానియా గుర్తింపు దొరకలేదు. ఆ పిల్లలు ఎక్కడో పూనాలోని కర్వే మహిళా విశ్వవిద్యాలయానికి అనుబంధంగా చదవాల్సి వచ్చింది. తెలుగు తన బడి కోసం మూసీ దాటి ఉత్తరానికి వెళ్లింది. దక్షిణాన ఉర్దూ చదువు, ఉత్తరాన తెలుగు ఉద్యమం. నగరం మనసులో ఆ గీత అప్పుడే పడింది.

1930లలో రెండు పనులు పక్కపక్కనే జరిగాయి. నిజాం రాష్ట్రంలో తెలుగు కవులు పూజ్యమన్న మాటకు జవాబుగా సురవరం ప్రతాపరెడ్డి 1934లో 'గోలకొండ కవుల సంచిక' తెచ్చారు. 354 మంది కవులు అందులో నిలబడ్డారు. మొహియుద్దీన్ ఖాద్రీ జోర్ 1931లో ఇదారె అదబియాతె ఉర్దూ స్థాపించి దక్కనీ రాతప్రతులు వెతికి పోగుచేశారు. 1940లో కులీ కుతుబ్‌షా సంపుటాన్ని పరిష్కరించి లోకానికిచ్చారు. ఇద్దరిదీ ఒకే తపన. తమ నేలమీద సాహిత్యం లేదన్నవాళ్లకు సాక్ష్యం చూపించాలి. ఒకరి సంచికకు పేరే గోలకొండ, మరొకరు జీవితమంతా గోల్కొండ కవుల మీదే ధారపోశారు. అయినా వీళ్లు పోగుచేసింది వేర్వేరు అలమారాల్లోకి చేరింది, పాఠ్యపుస్తకాలు కట్టినవాళ్లు ఆ అలమారాల్లో ఒక్కొక్కదాన్నే తెరిచారు.

ఆశ్చర్యమేమిటంటే, బలవంతపు ఉర్దూ చదువే మనకు గొప్ప అనువాదకులను ఇచ్చింది. నిజామును ఎదిరించి జైలుకెళ్లిన దాశరథి కృష్ణమాచార్య 1961లో 'గాలిబ్ గీతాలు' వెలువరించారు. రాజు మీది కోపం కవి మీద చూపించలేదు. ఉర్దూ మాధ్యమంలో డిగ్రీ చదివిన సి. నారాయణరెడ్డి గజల్‌ను తెలుగు ప్రక్రియగా నిలబెట్టారు. ఆదిలాబాద్ జిల్లాలో కూర్చుని సామల సదాశివ ఉర్దూ సాహిత్య చరిత్రను తెలుగువాళ్లకు చెప్పారు, అమ్జద్ హైదరాబాదీ రుబాయీలను తెలుగు చేశారు.

అమ్జద్ గురించి ఇంకొంచెం చెప్పాలి. 1908 సెప్టెంబరు 28న మూసీకి వచ్చిన వరదలో ఆయన తల్లి, భార్య, కూతురు ముగ్గురూ కళ్లముందే కొట్టుకుపోయారు. ఆ దుఃఖాన్ని ఆయన నజ్మ్‌గా రాశాడు. తర్వాత రుబాయీల్లో ఆయనకు దొరికిన నెమ్మది ఆ వరద మీదుగా వచ్చిందే. మూసీ వరద మన సాంఘికశాస్త్రంలో గండిపేట, హిమాయత్‌సాగర్ జలాశయాలకు కారణంగా కనిపిస్తుంది. ఆ వరద ఒక ఇంట్లో ఏం చేసిందో తెలియాలంటే అమ్జద్‌ను చదవాలి. సదాశివ పుణ్యమా అని ఆయన కవిత్వానికి తెలుగులో దారి ఉంది. తెలుగు తరగతిలో ఆయనకు చోటివ్వడానికి అడ్డేముంది?

1948లో నిజాం పాలన ముగిశాక ఉస్మానియాలో ఉర్దూ పోయి ఇంగ్లీషు వచ్చింది. 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక తెలుగు మాధ్యమం బడులు నిండాయి. మాతృభాషలో చదువుకునే హక్కు న్యాయమైనది, ఎన్నో ఏళ్లు పోరాడి గెలుచుకున్నది. దాంతో పాటు మరొకటీ జరిగింది: రెండు భాషలూ కడుపునిండా వచ్చిన తరానికి వారసులు తయారుకాలేదు. తెలుగు మాధ్యమం పిల్లలకు ఉర్దూ లిపి దూరమైంది. ఉర్దూ మాధ్యమం పిల్లలకు తెలుగు, పాసవడానికి మార్కులు తెచ్చుకునే సబ్జెక్టుగా మిగిలింది. సిటీ కాలేజీలో పాఠాలు చెప్పి, 1941లో ఆ ఉద్యోగం వదిలి కార్మికుల్లోకి వెళ్లిన మఖ్దూం మొహియుద్దీన్ పేరు అందరికీ తెలుసు. ఆయన కవిత్వం చదివినవాళ్లు నదికి ఆ ఒడ్డున ఎందరు, ఈ ఒడ్డున ఎందరు?

కథకుల్లో నెల్లూరి కేశవస్వామి ఈ గీతను లెక్కచేయలేదు. ఆయన 'చార్మినార్' కథల్లో నవాబుల దేవిడీలు, పరదాలు, స్నేహాలు, దిగజారుతున్న కుటుంబాలు లోపలి మనిషి చూసినట్టు కనిపిస్తాయి. 'యుగాంతం'లో 1948 నాటి కల్లోలం ఉంది. పాతబస్తీని తెలుగులో ఇంత దగ్గరగా చూసిన రచయిత మరొకరు నాకు తెలియదు. అదే నగరాన్ని ఉర్దూ వైపు నుంచి, దేవిడీల స్త్రీల వైపు నుంచి జీలానీ బానో 'ఐవానె గజల్' నవలలో రాశారు. ఈ రెంటినీ ఒక చోట పెట్టి చదివితే ఒక కాలం నిండుగా కనిపిస్తుంది.

తన కథ తన బడి పుస్తకంలో కనిపించని బాధ ఒక్క మనదే కాదు. 1965లో అమెరికాలో నాన్సీ లారిక్ అనే విద్యావేత్త మూడేళ్లలో అచ్చయిన ఐదువేలకు పైగా పిల్లల పుస్తకాలను వడగడితే నల్లజాతి మనుషులు కనిపించినవి 6.7 శాతమే. తన ముఖం కనిపించే అద్దమూ, పక్కింటి జీవితం కనిపించే కిటికీ కూడా పుస్తకమే కావాలని 1990లో అక్కడి విద్యావేత్త రుడీన్ సిమ్స్ బిషప్ చెప్పిన మాట ప్రపంచమంతా తరగతి గదుల్లోకి వెళ్లింది. అక్కడ కథల్లోకి మనుషులే రాలేదు. మన దగ్గర కథలూ ఉన్నాయి, మనుషులూ ఉన్నారు, అవి చేరాల్సిన పిల్లలకు చేరలేదు.

1990లలో తెలుగులోపలే ఒక కొత్త గొంతు లేచింది. ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' 1991లో, ముస్లిం కవుల సంకలనం 'జల్‌జలా' 1998లో, ఆ తర్వాత స్కైబాబ తెచ్చిన కథల సంకలనం 'వతన్', షాజహానా 'నఖాబ్' వచ్చాయి. మహమ్మద్ ఖదీర్‌బాబు 'దర్గామిట్ట కథలు' నెల్లూరు జిల్లా ముస్లిం బాల్యాన్ని తెలుగు పాఠకుల ఇళ్లలోకి తెచ్చాయి. వీళ్లలో ఎక్కువమంది జిల్లాల వాళ్లు, తెలుగు బడిలో చదువుకున్నవాళ్లు. పాతబస్తీ పిల్లలకు ఆ అవకాశం లేదు కాబట్టే పాతబస్తీ ముస్లిం జీవితం తెలుగులోకి ఇంకా తక్కువగానే వచ్చిందని నేననుకుంటాను. 2008లో హైదరాబాద్‌లోని అన్వేషి పరిశోధనా కేంద్రం 'డిఫరెంట్ టేల్స్' పేరిట తెలుగు, మలయాళం, ఇంగ్లీషుల్లో పిల్లల పుస్తకాలు తెచ్చింది. దళిత, ముస్లిం ఇళ్ల వంటలు, పనులు, బడి అనుభవాలు సిగ్గుపడకుండా, జాలి అడగకుండా ఆ బొమ్మల పుస్తకాల్లోకి వచ్చాయి. తలకాయ కూర వండుకునే ఆదివారం కూడా కథేనని ఒక పిల్లవాడికి తెలియడం చిన్న విషయం కాదు.

2017లో తెలంగాణ రాష్ట్రమంతటా ఉర్దూ రెండో అధికార భాష అయింది. 2018 చట్టంతో ఒకటి నుంచి పదో తరగతి దాకా అన్ని బడుల్లో తెలుగు తప్పనిసరి అయింది, దశలవారీగా అమలు మొదలైంది. 2022 నుంచి సర్కారు బడులన్నింట్లోకీ ఇంగ్లీషు మాధ్యమం వచ్చింది. పాతబస్తీ గల్లీల్లో ప్రైవేటు ఇంగ్లీషు బడులు అంతకు చాలా ముందే నిండిపోయాయి. అంటే షాలిబండ పిల్ల ఇక మీదట తెలుగు చదువుతుంది, మలక్‌పేట పిల్లవాడు కూడా అదే తెలుగు చదువుతాడు. నూరేళ్లలో ఎన్నడూ లేని అవకాశం ఇది. ఆ పిల్లకు తెలుగును పరాయి భాషలాగా వ్యాకరణంతో మొదలుపెట్టి చెబితే అవకాశం చేజారుతుంది. మల్కిభరాముడి కథతో, సదాశివ చేతి అమ్జద్ రుబాయీతో, కేశవస్వామి దేవిడీ కథతో మొదలుపెడితే ఆ భాషలో తన వీధి ఉందని ఆమెకు తెలుస్తుంది. ఆ పిల్లవాడి వాచకంలోనూ అవే పాఠాలుండాలి, లేకపోతే ఇది ముస్లిం పిల్లల కోసం వేసిన ప్రత్యేక పాఠమై మళ్లీ పక్కకు పోతుంది. ఉర్దూ వాచకాల్లోకి సురవరం, దాశరథి, స్కైబాబ అనువాదమై వెళ్లాలి. ఈ పనికి ముందుగా మనుషులు కావాలి. ఉర్దూ మాధ్యమం బడిలో తెలుగు చెప్పే టీచరుకు పిల్లలతో మాట్లాడేంత ఉర్దూ రావాలి, తెలుగు పండిట్ శిక్షణలో దక్కనీ సాహిత్యం ఒక పేపరైనా ఉండాలి, దాన్ని చెప్పడానికి ఉర్దూ శాఖ అధ్యాపకుడు తెలుగు శాఖ తరగతి గదిలోకి రావాలి.