సేనాని కూలితే: ఒక ఆట నియమం పుట్టుపూర్వోత్తరాలు

కొడుకు యుద్ధంలో పోయాడని విన్న ఒక తల్లి, ఎలా పోయాడో తన కళ్లకు చూపించమని పట్టుబట్టింది. సుమారు 1010లో ఫిరదౌసి ముగించిన పారశీక కావ్యం ‘షానామా’లో చదరంగం పుట్టుక గురించిన కథ ఇది. హిందూదేశంలో గవ్, తల్హంద్ అనే అన్నదమ్ములు సింహాసనం కోసం తలపడ్డారు. తల్హంద్ సేన చెదిరిపోయింది. చుట్టూ శత్రువులే మిగిలారు. ఏనుగు మీద కూర్చున్నవాడు కూర్చున్నట్టే ప్రాణం విడిచాడు. ఒంటి మీద గాయం లేదు. తమ్ముణ్ణి నువ్వే చంపావని తల్లి గవ్‌ను నిలదీసింది. అప్పుడు పండితులు ఒక పలక మీద గళ్లు గీసి, రెండు సేనలను ఎదురెదురుగా నిలిపి, రాజుకు కదలడానికి గడి లేకుండా ఎలా పోయిందో ఎత్తు తర్వాత ఎత్తుగా ఆమెకు చూపించారు. ఆ తల్లి చనిపోయేదాకా ఆ పలక ముందు నుంచి లేవలేదట.

ఇది చరిత్ర కాదు, కథే. కానీ ఇందులో ఒక నిజం ఉంది. సేనాని కూలితే సేన ఏమవుతుంది? యుద్ధాన్ని ఆటగా మలిచిన ప్రతి తరమూ ఈ ప్రశ్నకు తనదైన జవాబు రాసుకుంది. ఇప్పుడు ప్రపంచమంతటా బల్లల మీద చిన్న చిన్న సైనికుల బొమ్మలకు రంగులు వేసి, టేపుతో దూరాలు కొలిచి, పాచికలు వేసి ఆడే మినియేచర్ వార్‌గేమ్‌లలో ఆ జవాబులన్నీ పక్కపక్కనే బతికి ఉన్నాయి. దళపతి బొమ్మ బల్ల మీద నుంచి లేచిపోయిన క్షణాన ఏ నియమం పనిచేస్తుందో చూస్తే, ఆ ఆట యుద్ధాన్ని ఎలా అర్థం చేసుకుందో తెలిసిపోతుంది.

రాజే ఆట

మొదటి జవాబు మన చదరంగానిది. రథ, గజ, తురగ, పదాతులనే నాలుగు అంగాల సేన అది. ఏడో శతాబ్దంలో బాణుడు ‘హర్షచరితం’ రాసేనాటికే ఉత్తర భారతంలో ఆ పేరు చెలామణిలో ఉంది. ఆ ఆటలో ఏనుగులు పోవచ్చు, గుర్రాలు పోవచ్చు, మంత్రి పోవచ్చు. ఆట సాగుతూనే ఉంటుంది. రాజు చిక్కితే మాత్రం అంతే. బలగం ఎంత మిగిలినా లెక్కలోకి రాదు. తెలుగులో ఈ ముగింపుకు పెట్టుకున్న పేరు ‘ఆటకట్టు’. పలక మీద పుట్టిన ఆ మాట ఇంట్లోకీ వీధిలోకీ వచ్చేసింది. ఎవరి ఎత్తులు ఇక సాగకపోయినా వాడి ఆట కట్టిందనే అంటాం.

ఇది వట్టి ఆటలోని ఏర్పాటు కాదు. ఆనాటి యుద్ధాలు చాలావరకు అలాగే ముగిసేవి. 1556లో రెండో పానిపట్టు యుద్ధంలో గెలుపు వైపు నడుస్తున్న హేమూ కంటికి బాణం తగిలింది. ఏనుగు మీద అతను ఒరిగిపోగానే సేన పారిపోయింది. 1565 జనవరి 23న రక్కసి తంగడి దగ్గర జరిగింది తెలుగువాళ్లు ఇప్పటికీ మరిచిపోలేని పతనం. వయసు మళ్లిన అళియ రామరాయలు శత్రువులకు చిక్కాడు. అతని తల నరికి అందరికీ కనిపించేలా ఎత్తి చూపారు. విజయనగర సేన అక్కడే విరిగిపోయింది. తమ్ముడు తిరుమలరాయలు ఖజానాతో పెనుకొండకు తరలిపోయాడు. సైనికుడు రాజ్యం అనే ఊహ కోసం కాక, ఎదురుగా ఏనుగు మీద కనిపించే ఒక మనిషి కోసం పోరాడే కాలం అది. అంబారీ ఖాళీ అయితే ఆ సైనికుడికి ఇక ఎవరి కోసం నిలబడాలో తెలిసేది కాదు.

రాజు పలక దిగిపోయాడు

రెండో జవాబు జర్మన్ నేల మీద పుట్టింది. బ్రన్స్‌విక్ ఆస్థానంలో చదువు చెప్పే గణిత పండితుడు యోహాన్ హెల్విగ్ 1780లో చదరంగాన్ని విస్తరించి ఒక యుద్ధక్రీడ ప్రచురించాడు. అందులో 1617 గళ్లు. కొండలకు, నీళ్లకు, ఊళ్లకు వేర్వేరు రంగులు. అన్నిటికంటే పెద్ద మార్పు గెలుపు గురించినది. శత్రువు కోటను పట్టుకుంటే గెలిచినట్టు. రాజును పట్టుకోవడంతో పనిలేదు.

తర్వాత ప్రష్యాలో రైస్‌విట్జ్ తండ్రీకొడుకులు దీన్ని ఇంకో మెట్టు ఎక్కించారు. తండ్రి 1812లో ప్లాస్టర్‌తో చేసిన నేలపలకలతో ఒక ఆటబల్ల తయారుచేసి రాజు మూడో ఫ్రెడ్రిక్ విల్‌హెల్మ్‌కు చూపించాడు. ఫిరంగిదళంలో అధికారిగా ఉన్న కొడుకు 1824లో ‘క్రీగ్‌స్పీల్’ నియమాలను అచ్చు వేయించాడు. గళ్లు పోయి 1:8000 కొలతతో గీసిన నిజమైన పటాలు వచ్చాయి. ఒక్కో వంతు రెండు నిమిషాల యుద్ధకాలానికి సమానం. నష్టాలు పాచికలతో తేలేవి. ఇరుపక్షాలకూ మధ్య ఒక మధ్యవర్తి కూర్చునేవాడు. ఆటగాడు దళాలకు గుర్తుగా ఉన్న దిమ్మెలను తన చేత్తో జరపడు. ఆజ్ఞను కాగితం మీద రాసి మధ్యవర్తికి ఇస్తాడు. అది వార్తాహరుడి ద్వారా దళానికి చేరడానికి పట్టే సమయాన్ని కూడా లెక్కపెట్టేవారు. ప్రష్యా జనరల్ స్టాఫ్ అధిపతి మ్యూఫ్లింగ్‌కు ఇది ఎంత నచ్చిందంటే, దళాలన్నిటికీ సిఫారసు చేశాడు.

ఇక్కడ జరిగిన మార్పు చూడండి. రాజు పలక దిగి వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. సేనాని అంటే ఆటగాడే. అతన్ని ఎవరూ చంపలేరు. కానీ అతని మాట ఆలస్యం కావచ్చు, అందినా తప్పుగా అర్థం కావచ్చు. సేనాని శరీరానికి బదులు అతని ఆజ్ఞే యుద్ధానికి ప్రాణమైంది. వేల గజాల దూరంలో ఉన్న దళాలను కాగితం మీద నడిపే కొత్త కాలపు సైన్యానికి తగ్గ జవాబే ఇది.

1913లో హెచ్.జి. వెల్స్ ‘లిటిల్ వార్స్’ అనే చిన్న పుస్తకంతో యుద్ధక్రీడను సైనికాధికారుల గదుల్లోంచి ఇళ్లకు తెచ్చాడు. బ్రిటన్స్ కంపెనీ బోలు సీసపు సైనికులు, స్ప్రింగుతో పనిచేసే చిన్న ఫిరంగులు, నేల మీద చెక్కముక్కలతో కట్టిన ఊళ్లు అతని సరంజామా. అక్కడా సేనాని అంటే నేల మీద మోకరిల్లి గురి చూసే ఆటగాడే. బొమ్మల యుద్ధం అసలు యుద్ధం కంటే ఎంత మేలో వెల్స్ ఆ పుస్తకంలోనే మనసారా చెప్పాడు. మరుసటి ఏడాదే మొదటి ప్రపంచయుద్ధం మొదలైంది.

బొమ్మగా తిరిగి వచ్చాడు

రెండో ప్రపంచయుద్ధం తర్వాత ఇంగ్లండులో, అమెరికాలో ఈ అభిరుచి వేళ్లూనింది. 1957లో అమెరికాలో జాక్ స్క్రూబీ యుద్ధక్రీడల కోసమే ఒక పత్రిక మొదలుపెట్టాడు. 1962లో డొనాల్డ్ ఫెదర్‌స్టోన్ రాసిన ‘వార్ గేమ్స్’ వేలమందికి దారి చూపింది. 1960ల చివర ఫిల్ బార్కర్, అతని మిత్రుల వార్‌గేమ్స్ రీసెర్చ్ గ్రూప్ ప్రాచీన యుద్ధాలకు నియమాలు రాసింది. వీళ్లు చరిత్రను శ్రద్ధగా చదివినవాళ్లు. సేన ఓడిపోయేది చివరి మనిషి చచ్చినప్పుడు కాదనీ, గుండె జారినప్పుడనీ వాళ్లకు తెలుసు. అందుకే స్థైర్య పరీక్ష వచ్చింది. దెబ్బతిన్న దళం పాచికలు వేసి, నిలుస్తుందో పారిపోతుందో తేల్చుకోవాలి.

స్థైర్యానికి లెక్క వచ్చాక సేనాని బొమ్మకు మళ్లీ పని దొరికింది. అతను పక్కన ఉంటే దళానికి ధైర్యం, కూలితే దిగులు. చదరంగంలో రాజు పోతే అంతా పోయినట్టే. ఇక్కడ సేనాని పోతే సేన బలహీనపడుతుంది, ఎంత బలహీనపడుతుందన్నది పాచికలు చెబుతాయి. ఇది మూడో జవాబు, చరిత్రకు అన్నిటికంటే దగ్గరగా ఉన్న జవాబు. 1632లో లూట్‌జెన్ దగ్గర పొగమంచులో స్వీడన్ రాజు గుస్టావస్ అడాల్ఫస్ తన అశ్వదళానికి దూరమై శత్రువుల చేతిలో చనిపోయాడు. సాక్స్-వైమార్ ప్రభువు బెర్న్‌హార్డ్ పగ్గాలు అందుకున్నాడు. యుద్ధభూమి చివరికి స్వీడన్ సేనకే దక్కింది. 1805లో ట్రఫాల్గర్ దగ్గర నెల్సన్ చనిపోయాడు, అయినా అతని నౌకాదళమే గెలిచింది. సేనాని చావుకు ఒకే ఫలితం లేదని ఈ రెండు యుద్ధాలూ చెబుతున్నాయి.

బార్కర్ 1990లో వచ్చిన ‘డి బెల్లిస్ ఆంటిక్విటాటిస్’లో ఈ విషయాన్ని చాలా క్లుప్తంగా చెప్పాడు. ఒక్కో పక్షానికి 12 దళాలే. వాటిలో ఒకటి సేనానిది. వంతు వచ్చినప్పుడు వేసిన పాచికను బట్టి ఎన్ని కదలికలో తేలుతుంది. సేనానికి దూరంగా ఉన్న దళాన్ని కదపాలంటే అదనపు ఖర్చు. సేనాని దళం పోయి, ఎదుటివాడి కంటే నష్టం కూడా ఎక్కువై ఉంటే ఓటమి. సేనాని పోయినా నష్టాల్లో పైచేయి మనదైతే ఆట ఇంకా మిగిలే ఉంటుంది. హేమూకీ నెల్సన్‌కీ ఒకే నియమంలో చోటు దొరికింది.

పన్నెండు అంగుళాల నీడ

ఈలోగా ఇంకో పాయ విడిపోయింది. 1971లో గ్యారీ గైగాక్స్, జెఫ్ పెరెన్ రాసిన ‘చెయిన్‌మెయిల్’ అనుబంధంలో ఒక్క వీరుడు నలుగురు సైనికులతో సమానం. ఆ ఒంటరి వీరుడి మీద మోజే 1974లో ‘డంజన్స్ అండ్ డ్రాగన్స్’కు దారితీసింది. నాయకుడు దళంలో భాగంగా కాక, పేరూ కథా ఉన్న మనిషిగా బల్ల మీదికి వచ్చాడు.

1983లో గేమ్స్ వర్క్‌షాప్ తెచ్చిన ‘వార్‌హ్యామర్’ ఆ వీరుణ్ణి మళ్లీ సేనకు అధిపతిని చేసింది. దాని తర్వాతి ముద్రణల్లో సేనానికి 12 అంగుళాల లోపల ఉన్న దళాలు స్థైర్య పరీక్షను అతని నాయకత్వపు అంకెతో ఎదుర్కొనేవి. ఆ నీడ బయటి దళాలకు తమ సొంత ధైర్యమే దిక్కు. సేనానిని చంపినవాడికి 100 పాయింట్లు అదనం. పిశాచసేనలకు ఇంకా కఠినమైన నియమం ఉండేది. మంత్రబలంతో లేచి నిలిచిన ఆ శవాల సేన, తన అధిపతి పోగానే వంతు వంతుకూ పరీక్షకు నిలబడి, తప్పితే కొంత కొంతగా రాలిపోయేది. పొడవైన నియమాలేవీ లేకుండానే ఆ సేన స్వభావమంతా ఆ ఒక్క నియమం చెప్పేసేది.

వార్‌హ్యామర్ రూపకర్తల్లో ఒకడైన రిక్ ప్రీస్ట్‌లీ 2000లో ‘వార్‌మాస్టర్’ రాసినప్పుడు మళ్లీ చదరంగం వైపు నడిచాడు. అందులో సేనాని చనిపోతే సేన వెనుదిరగాల్సిందే. 2003 నాటి ‘వార్‌మెషీన్’ ఇంకా సూటిగా వెళ్లింది. ఆవిరి యంత్రాలను మంత్రంతో నడిపే వార్‌కాస్టర్ చచ్చిన క్షణాన ఆట అయిపోయినట్టే. ఓటమి అంచున ఉన్న ఆటగాడు కూడా ఒక్క దారి దొరికితే ఎదుటి నాయకుడి మీదికి దూకి గెలవగలడు. 2012లో వచ్చిన ‘వార్‌హ్యామర్ 40,000’ ఆరో ముద్రణలో మాత్రం శత్రు సేనాని అయిన వార్‌లార్డ్‌ను చంపితే ఒక పాయింటు వస్తుంది, యుద్ధం ఆగదు. ఒకే వంశంలోని ఆటలు ఇన్ని దారులు తొక్కడానికి కారణం ఉంది. చావుతో ఆట ముగిస్తే ఉత్కంఠ పెరుగుతుంది, కానీ రెండు గంటలు శ్రమపడి నిలిపిన సేన ఒక్క చెడ్డ పాచికతో వృథా అవుతుంది. చావుకు విలువే లేకపోతే నాయకుడు ఖరీదైన సైనికుడిగా మిగిలిపోతాడు.

తర్వాత ఎవరు?

నాలుగో జవాబు మనకు అన్నిటికంటే పాతది. మహాభారతంలో కౌరవసేనకు భీష్ముడు పది రోజులు, ద్రోణుడు అయిదు, కర్ణుడు రెండు, శల్యుడు అర రోజు అధిపతులు. తిక్కన తెలుగు చేసిన ఆ పర్వాలకు ఆ సేనాపతుల పేర్లే ఉన్నాయి. ఒకరు కూలితే మరొకరికి అభిషేకం జరిగేది, యుద్ధం సాగేది. కానీ ఆ అంకెలను మరోసారి చూడండి. పది, అయిదు, రెండు, అర. వారసుడు దొరికినా, పోయినవాడు తిరిగి రాడు.

2018లో ఫాంటసీ ఫ్లైట్ తెచ్చిన ‘స్టార్ వార్స్: లీజియన్’లో సరిగ్గా ఈ నియమమే కనిపిస్తుంది. ఆఖరి కమాండర్ పోతే, మిగిలిన సైనికుల్లోంచి ఒక దళనాయకుణ్ణి కమాండర్‌గా ఎన్నుకోవాలి. సేన ఆగదు, కానీ డార్త్ వేడర్ స్థానంలోకి మామూలు సైనికుడు వచ్చాడన్న తేడా ప్రతి వంతులోనూ తెలుస్తుంది. కురుక్షేత్రం సంగతి ఆ రూపకర్తలకు గుర్తుందో లేదో గాని, సమస్య ఒకటే కాబట్టి జవాబూ ఒకటే అయింది.

ఈ నాలుగింటిలో ఏది గొప్పదని అడిగితే నా తీర్పు ఇది. సేనానిని వెనక దాచుకునే అవసరమూ, ముందుకు నడిపే అవసరమూ రెండూ ఆటగాడికి కలిగించే నియమమే మంచి నియమం. 12 అంగుళాల నీడ ఆ పని చేస్తుంది. నాయకుడు ముందుకు వస్తే సేన నిలుస్తుంది, అతని ప్రాణం మాత్రం ప్రమాదంలో పడుతుంది. వెనక ఉంటే అతను క్షేమం, సేన ఒంటరిది. ఏది ఎంచుకోవాలో ఏ పుస్తకమూ చెప్పదు. ఆ ఎంపికను ఆటగాడి చేతిలో పెట్టడానికే మనిషి పదమూడు వందల ఏళ్లకు పైగా ఈ నియమాన్ని తిరగరాస్తూ వచ్చాడు. సేనానిని బల్ల మీద నిలిపేవాళ్లకు ఒక్క మాట. అతను ఎక్కడ నిలబడాలో ఆలోచించే ముందు, అతను కూలితే పగ్గాలు ఎవరు అందుకోవాలో తేల్చుకోండి.