జర్మను నటి హెర్తా టీలె

చలనచిత్ర నటుల చరిత్రలను చదువునపుడు మనము వారి విజయములనే లెక్కించుచుందుము. వారు వలదని త్రోసివేసిన వానిని లెక్కింపము. అట్టి త్యాగమువలన స్మరింపదగిన హెర్తా టీలె యను నటిని గూర్చి పాఠకులకు విన్నవింపదలచితిమి.

ఈమె 1908వ సంవత్సరమున లైప్‌జిగు నగరమున జన్మించెను. 1930లో ఆ నగరముననే, క్రిస్తా విన్స్‌లో యను రచయిత్రి నాటకమున మాన్యువేలా యను బాలిక పాత్రమును ధరించి పేరొందెను. మరుసటి యేట ఆ కథ 'యూనిఫారములోని బాలికలు' అను చిత్రముగా వెలువడెను. దానికి దర్శకత్వము వహించినది లియోంటీనె సాగన్ అను స్త్రీ; నటించినవారందరును స్త్రీలే.

తల్లిలేని మాన్యువేలా ప్రష్యాదేశపు వసతి పాఠశాలలో చేరును. అచ్చటి ప్రధానోపాధ్యాయినికి ఆకలియు కఠినశిక్షణయు సద్గుణములు, అనురాగము దోషము. దయజూపిన యొక ఉపాధ్యాయినిపై తనకుగల ప్రేమను బాలిక బహిరంగముగా చాటి శిక్షకు గురియగును. దుఃఖము పట్టజాలక మేడపైనుండి దుమికి ప్రాణము విడువబోగా తోడి బాలికలే యామెను రక్షింతురు. భయముతో పిల్లలను లొంగదీయవచ్చును గాని మనుష్యులనుగా తీర్చజాలమని యీ కథ మనకు తెలుపుచున్నది.

1932లో 'కూలె వాంపె' యను చిత్రమున నామె పనిలేక అలమటించు బెర్లిను కుటుంబములోని యువతిగా నటించెను. దాని రచనలో బ్రెఖ్ట్ మహాకవి పాల్గొనెను. ప్రభుత్వము మొదట దానిని నిషేధించి, కొన్ని భాగములను తొలగించిన పిమ్మటనే ప్రదర్శన కనుమతించెను.

1933లో హిట్లరు అధికారమునకు వచ్చెను. ప్రచారమంత్రి గెబెల్సు ఆశ్రయమున నుండుటకు అంగీకరించినవారికి పాత్రలకును ధనమునకును కొదువలేదు. హెర్తా యంగీకరింపలేదు. 1936లో ఆమెను నటుల అధికార సంఘమునుండి తొలగించిరి. అందు సభ్యత్వము లేనివారికి ఆ దేశమున నటించు హక్కు లేదు. 1937లో ఆమె స్విట్జర్లాండుకు వలసపోయి, కొంతకాలము నటనకు దూరమై, ఇతర వృత్తులతో జీవించెను. 1966లో తూర్పు జర్మనీకి మరలివచ్చి, నాటకములందును టెలివిజనునందును చిన్న పాత్రలు ధరించుచు 1984లో బెర్లినున మరణించెను.

ఇరువదియెనిమిదేండ్ల ప్రాయమున పోయిన ప్రధానస్థానము మరల లభింపలేదు. నిరాకరణమునకు ఆమె చెల్లించిన మూల్య మదియే. అయినను ఆమె జీవితము వ్యర్థమైనదని మేము తలపము. మన బాలికలకు వినయము నేర్పుచున్నాము; అది మంచిదే. కాని అంతరాత్మ యొప్పని యెడ 'కాదు' అని పలుకుటయు విద్యలో భాగమే యని మరువకుందుము గాక.