‘మన దేశం’ నిర్మాత్రి సి. కృష్ణవేణి: ఒక పునఃపరిశీలన

ఉపోద్ఘాతం

తెలుగు సినిమా చరిత్రలో సి. కృష్ణవేణి పేరు తరచుగా ఒకే వాక్యంలో కనిపిస్తుంది: ఎన్.టి. రామారావును వెండితెరకు పరిచయం చేసిన నిర్మాత. ఈ వాక్యం సత్యమే. అయితే ఇందులో ఆమె కృషి మరొకరి జీవితచరిత్రకు ప్రస్తావనగా మిగిలిపోతుంది. నటి, గాయని, నిర్మాతగా కృష్ణవేణి చేసిన ఎంపికలను సాహిత్య దృష్టితో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

రంగస్థలం నుండి స్టూడియో వరకు

కృష్ణవేణి 1924 డిసెంబరు 24న పశ్చిమ గోదావరి ప్రాంతంలోని పంగిడిలో జన్మించారు. బాల్యంలోనే రంగస్థలం ఎక్కిన ఆమెను సి. పుల్లయ్య 1936లో బాలలతో తీసిన ‘అనసూయ’ ద్వారా చిత్రరంగానికి పరిచయం చేశారు. అనంతరం మీర్జాపురం రాజా మేకా వెంకట్రామయ్య అప్పారావుతో ఆమెకు వివాహమైంది. మీర్జాపురం నూజివీడు సమీప గ్రామం; తిరువూరు కూడా చాలాకాలం నూజివీడు రెవెన్యూ డివిజన్‌లోనే ఉండేది. రాజావారు మద్రాసులో నిర్వహించిన శోభనాచల స్టూడియో పేరు ఆ ప్రాంతపు ఆగిరిపల్లి శోభనాచల క్షేత్రాన్ని స్ఫురింపజేస్తుంది. కృష్ణా తీరపు జమీందారీ సంపద తెలుగు సినిమాకు పెట్టుబడిగా మారిన క్రమంలో ఈ స్టూడియోకు ముఖ్యస్థానం ఉంది.

1947 నాటి ‘గొల్లభామ’లో కృష్ణవేణి కథానాయిక. 1949లో రాజావారి దర్శకత్వంలో వచ్చిన ‘కీలుగుర్రం’లో ఆమె తెరపై కనిపించలేదు, అంజలీదేవికి నేపథ్యగానం అందించారు. నటీనటులే తమ పాటలు పాడుకొనే సంప్రదాయంలో ఎదిగిన నటి మరొక నటికి గళమివ్వడం, నేపథ్యగానం స్థిరపడుతున్న సంధిదశకు నిదర్శనం.

నిర్మాతగా ఎంపికలు

కుమార్తె పేరుమీదుగా నెలకొల్పిన ఎం.ఆర్.ఎ. ప్రొడక్షన్స్ పతాకంపై కృష్ణవేణి నిర్మించిన ‘మన దేశం’ 1949 నవంబరు 24న విడుదలైంది. రెండు రోజుల అనంతరం రాజ్యాంగ సభ భారత రాజ్యాంగాన్ని ఆమోదించింది. శరత్‌చంద్రుని ‘విప్రదాస్’ నవల ఈ చిత్రానికి ఆధారం. సముద్రాల రాఘవాచార్య రచన, ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వం, ఘంటసాల సంగీతం దీనికి సమకూరాయి. చిత్తూరు నాగయ్య, సి.హెచ్. నారాయణరావులతో కలిసి ఆమె స్వయంగా నటించారు. రామారావుది ఇందులో పోలీసు అధికారి పాత్ర. తెలుగు తెరపై శరత్ ప్రభావాన్ని చర్చించేవారికి ముందుగా తట్టేది 1953 నాటి ‘దేవదాసు’. దానికి నాలుగేళ్ల ముందే శరత్ కథను జాతీయోద్యమ ఇతివృత్తంగా మలచిన ‘మన దేశం’ అనుసరణ అధ్యయనాలలో ప్రత్యేక చర్చకు అర్హమైనది.

1950లో వచ్చిన ‘లక్ష్మమ్మ’ది మరొక మార్గం. జనశ్రుతిలోని స్త్రీ గాథ దీనికి వస్తువు. దర్శకుడు ‘అసమర్థుని జీవయాత్ర’ నవలాకారుడు గోపీచంద్. టైటిల్ పాత్రధారిణి కృష్ణవేణి. అదే గాథపై ‘శ్రీ లక్ష్మమ్మ కథ’ కూడా ఆ సంవత్సరమే వెలువడింది. బెంగాలీ నవల ఒకవైపు, ప్రాంతీయ గాథ మరొకవైపు ఉన్న ఈ రెండు చిత్రాలు ఆనాటి సినిమాకు, సాహిత్యానికి గల సామీప్యాన్ని తెలుపుతాయి.

ఒక ఆక్షేపం

స్టూడియో, ధనం భర్తవే కనుక నిర్ణయాల కర్తృత్వాన్ని ఆమెకు ఆపాదించడం ఎంతవరకు సమంజసమనే ప్రశ్న రావచ్చు. వనరులు జమీందారీవే, దానిని విస్మరించరాదు. అయితే జమీందారీ ధనంతో చిత్రాలు నిర్మించిన పురుషుల విషయంలో ఈ ప్రశ్న అంతగా వినబడదు. పెట్టుబడి మూలాన్ని బట్టి కర్తృత్వాన్ని నిర్ణయించే కొలమానం ఇద్దరికీ ఒకటే కావాలి.

ముగింపు

కృష్ణవేణికి 2004 సంవత్సరానికి రఘుపతి వెంకయ్య పురస్కారం లభించింది. నూరేళ్లు నిండిన అనంతరం 2025 ఫిబ్రవరి 16న ఆమె హైదరాబాదులో కన్నుమూశారు. ‘మన దేశం’ రామారావు తొలి చిత్రం కావడం చారిత్రక విశేషం. ఆ చిత్రానికి శరత్ నవలను ఆధారం చేసుకొని, కొత్త నటునికి అవకాశమిచ్చి, తానూ నటించిన నిర్మాత్రి కృషి అంతకు ముందరి విశేషం. చరిత్ర రచనలో ఈ క్రమాన్ని సరిచేసినప్పుడే కృష్ణవేణి ప్రస్తావన స్థానం నుండి కర్త స్థానానికి చేరుతారు.