విజయనగరం జాబితా: కన్యాశుల్కం నుండి శారదా చట్టం వరకు

గురజాడ అప్పారావు ‘కన్యాశుల్కం’ 1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శితమై, 1897లో అచ్చయింది. తొలి కూర్పుకు ఆయన ఇంగ్లీషులో రాసిన పీఠికలో కొన్ని అంకెలు ఉన్నాయి. ఆనంద గజపతి మహారాజు ఆదేశంపై, విశాఖపట్నం జిల్లాలోని సాధారణ బ్రాహ్మణ కుటుంబాలలో మూడేళ్ల కాలంలో జరిగిన శుల్క వివాహాలను లెక్కించగా 1034 తేలాయి. వధువులలో ఐదేళ్లవారు 99 మంది, నాలుగేళ్లవారు 44, మూడేళ్లవారు 36, రెండేళ్లవారు 6, ఏడాది పసికందులు ముగ్గురు. ఆ పసికందులకు పలికిన వెల 350 నుండి 400 రూపాయలు. కడుపులో ఉన్న బిడ్డలకు సైతం బేరాలు కుదిరేవని గురజాడ నమోదు చేశారు.

ఈ అంకెలను సాహిత్య విమర్శకులు తరచు ఉదహరిస్తారు గానీ, వాటిని ఒక చారిత్రక ఆధారంగా పరీక్షించడం అరుదు. పై ఐదు వయోవర్గాలను కలిపితే 188 మంది అవుతారు. మిగిలిన 846 మంది వయస్సులు పీఠికలో లేవు. వారు యుక్తవయస్కులని భావించడానికి ఆధారమేదీ లేదు. రజస్వలకు ముందే పెళ్లి జరగాలన్న నియమాన్ని నాటి బ్రాహ్మణ సమాజం గట్టిగా పాటించేది. పైగా సొమ్ము పుచ్చుకున్నట్లు ఒప్పుకోవడానికి తల్లిదండ్రులు ఇష్టపడరు కనుక జాబితా సమగ్రం కాదని పీఠికాకర్తే అంగీకరించారు. అంటే 1034 అన్నది కనీస సంఖ్య మాత్రమే.

మరొక పరిమితి ఇంతకన్న ముఖ్యమైనది. జాబితా లెక్కించింది శుల్కాన్ని, బాల్యాన్ని కాదు. డబ్బు చేతులు మారని బాల్యవివాహం ఆ పట్టికలోకి రానే రాదు. కందుకూరి వీరేశలింగం ‘వివేకవర్ధని’ ద్వారా సాగించిన ప్రచారంలో కన్యావిక్రయం, అతిబాల్య వివాహం, బాలవితంతువుల దుస్థితి ఒకే గొలుసులోని కొలికులుగా కనిపిస్తాయి. 1881 డిసెంబరులో రాజమండ్రిలో ఆయన జరిపించిన తొలి వితంతు వివాహం ఆ గొలుసు చివరి కొలికిని తెంచే యత్నం. నాటకంలోనూ ఈ స్పృహ ఉంది: సుబ్బి పెళ్లి బేరం నడుస్తున్న ఇంట్లోనే, అదే బేరానికి బలై విధవగా మిగిలిన బుచ్చమ్మ ఉంటుంది. అయినా అగ్నిహోత్రావధానుల దురాశపై పేలిన నవ్వే జనస్మృతిలో నిలిచింది. దురాశే దోషమన్న భావన బలపడినచోట బాల్యవివాహం స్వతహాగా దోషం కాకుండా తప్పించుకుంటుంది. కాలక్రమంలో కన్యాశుల్కం సన్నగిల్లి వరకట్నం దాని స్థానాన్ని ఆక్రమించింది. సొమ్ము ప్రవహించే దిశ మారిందే గాని వధువు వయస్సు ఆ మేరకు పెరగలేదు.

శాసనాలదీ ఇదే కథ. 1891 నాటి సమ్మతి వయస్సు చట్టం దాంపత్యానికి కనీస వయస్సును పది నుండి పన్నెండేళ్లకు పెంచింది. పెళ్లి వయస్సు జోలికి పోలేదు. ఆ పని హరబిలాస్ శారదా ప్రతిపాదించిన 1929 చట్టం చేసింది: బాలికకు 14, బాలుడికి 18. మద్రాసు శాసనమండలిలో డాక్టర్ ముత్తులక్ష్మీ రెడ్డి, దేశమంతటా మహిళా సంఘాలు దీనికై గట్టిగా కృషి చేశాయి. కానీ చట్టం ఆమోదం పొందింది 1929 సెప్టెంబరులో, అమలులోకి వచ్చింది 1930 ఏప్రిల్ 1న. ఆ ఆరు నెలల గడువులో ముహూర్తాలు ముందుకు జరిపి పసిపిల్లలకు తొందరపడి పెళ్లిళ్లు చేశారు. 1931 జనగణనలో పదిహేనేళ్ల లోపు వివాహితల సంఖ్య 1921 నాటికన్న గణనీయంగా పెరగడం దీని ఫలితమే.

అమలులో చట్టం మరింత బలహీనం. నిషిద్ధ వయస్సులో జరిగిన పెళ్లి చెల్లకుండా పోదు. పోలీసులు తమంత తాము కేసు నమోదు చేయలేరు. ఫిర్యాదుదారు ముందుగా పూచీకత్తు చూపాలి. ఊరి పెద్దను ఎదిరించి పూచీకత్తుతో కోర్టుకెక్కే పొరుగువాడు ఎక్కడ దొరుకుతాడు? విజయనగరం జాబితా తయారీలో తల్లిదండ్రులు సొమ్ము సంగతి దాచినట్లే, ఇక్కడ ఊరు ఊరంతా పెళ్లి సంగతి దాచింది. బాలికల వివాహ వయస్సు 1949లో 15కు, 1978లో 18కి పెరిగింది. ఒప్పందం నాటికి బాలలై ఉన్నవారు కోరితే ఆ వివాహాన్ని రద్దు చేయించుకునే హక్కు మాత్రం 2006 నాటి చట్టంతో గాని రాలేదు.