చాయ్ కెటిల్ నుంచి డైనోసార్ దాకా... గ్రాఫిక్స్ పుట్టిందిలా!

నేడు సినిమాలో పులి దూకినా, కోట కూలినా చిన్న పిల్లలు సైతం ‘అదంతా గ్రాఫిక్సే’ అని తేలిగ్గా అనేస్తున్నారు. యాభై ఏళ్ల కిందట మాత్రం కంప్యూటర్ తెరపై ఒక్క చెయ్యి కదిలించడమే పెద్ద పని.

ఈ విద్య ఎదిగిన ముఖ్యమైన చోటు అమెరికాలోని యూటా విశ్వవిద్యాలయం. 1972లో అక్కడి విద్యార్థి ఎడ్ క్యాట్మల్ తన ఎడమ చేతికి ప్లాస్టర్ అచ్చు తీసి, దానిపై సుమారు 350 చిన్న చిన్న పలకలు గీశాడు. ప్రతి మూలనూ కొలిచి ఆ అంకెలను కంప్యూటర్‌కు ఎక్కించాడు. అలా కదిలిన ఆ చెయ్యే 1976లో ‘ఫ్యూచర్‌వరల్డ్’ అనే హాలీవుడ్ సినిమాలో కనిపించింది.

1975లో అక్కడే పరిశోధకుడు మార్టిన్ న్యూయెల్‌కు ప్రయోగాల కోసం ఒక వస్తువు కావాల్సి వచ్చింది. ఇంట్లో చాయ్ తాగే వేళ భార్య శాండ్రా, ఎదురుగా ఉన్న కెటిల్‌నే తీసుకోమంది. గుండ్రటి పొట్ట, వంపు తిరిగిన మూతి, పిడి మధ్యలో ఖాళీ. పరీక్షకు ఇంతకంటే మంచిదేముంది? న్యూయెల్ దాన్ని గ్రాఫ్ కాగితంపై గీసి, ఆ కొలతలను అందరికీ ఇచ్చేశాడు. ఆ తర్వాత ఎందరో పరిశోధకులు తమ కొత్త పద్ధతులను ఆ కెటిల్ మీదే పరీక్షించారు. అసలు కెటిల్ ఇప్పుడు కాలిఫోర్నియాలోని కంప్యూటర్ హిస్టరీ మ్యూజియంలో ఉంది.

ఆకారం వస్తే సరిపోదు, దానిపై వెలుగు కూడా పడాలి. నున్నటి వస్తువు ఎక్కడ తళుక్కుమంటుందో లెక్కగట్టే సూత్రాన్ని వియత్నాం నుంచి వచ్చిన బుయ్ తువాంగ్ ఫాంగ్ 1973లో తన పరిశోధనలో చూపించాడు. పాపం, 1975లో 32 ఏళ్లకే కన్నుమూశాడు. ‘ఫాంగ్ షేడింగ్’ పేరుతో విద్యార్థులు నేటికీ దాన్ని చదువుతున్నారు.

1982లో ‘ట్రాన్’ సినిమాలో సుమారు పావుగంట దృశ్యాలు కంప్యూటర్‌లోనే తయారయ్యాయి. 1993 నాటి ‘జురాసిక్ పార్క్’లో కంప్యూటర్ డైనోసార్లు కనిపించేది ఆరేడు నిమిషాలే, మిగతావి చాలావరకు మరబొమ్మలు. 1995లో వచ్చిన ‘టాయ్ స్టోరీ’ మొదటి నుంచి చివరి దాకా కంప్యూటర్‌లో తయారైన తొలి పూర్తి నిడివి చిత్రం. దాన్ని తీసిన పిక్సార్ సంస్థ వ్యవస్థాపకుల్లో క్యాట్మల్ ఒకడు. తెలుగులో గ్రాఫిక్స్‌తో జనాన్ని ఆశ్చర్యపరచిన ‘అమ్మోరు’ వచ్చిందీ ఆ ఏడాదే.

క్యాట్మల్‌కు 2019 సంవత్సరానికి ట్యూరింగ్ అవార్డు లభించింది. అది సినిమా అవార్డు కాదు, కంప్యూటర్ శాస్త్రంలో అత్యున్నత పురస్కారం. యానిమేషన్ నేర్చుకుంటామనే పిల్లలు లెక్కల పుస్తకాన్ని పక్కన పెట్టకూడదన్నది ఇందుకే. ఆ చెయ్యి, ఆ కెటిల్, ఆ వెలుగు అన్నీ లెక్కల్లోంచి వచ్చినవే.